క్నెఫ్ అంటే ఆ కొన్ని సెకన్లేనా?

మొన్న ఒక ఫిల్మ్ సొసైటీలో పాత జర్మన్ సినిమా వేశారు. ముందుగా మాట్లాడిన పెద్దమనిషి హిల్డెగార్డ్ క్నెఫ్‌ని "జర్మన్ తెరమీద మొట్టమొదట బట్టలు విప్పిన హీరోయిన్" అని పరిచయం చేశాడు. హాల్లో కిసుక్కున నవ్వులు. నాకు ఒళ్లు మండిపోయింది. వేస్తున్నది 'హంతకులు మన మధ్యనే ఉన్నారు'. అందులో ఆమె నాజీల నిర్బంధ శిబిరం నుంచి బతికొచ్చిన మనిషి!

అసలు మొట్టమొదట అన్నదే అబద్ధం. 1925లోనే 'బలానికీ అందానికీ దారులు' అనే జర్మన్ డాక్యుమెంటరీలో నగ్న దేహాలు కనిపించాయి. పోనీ, క్నెఫ్ కొన్ని సెకన్లు నగ్నంగా కనిపించిన సినిమా, 1951లో విల్లీ ఫోర్స్ట్ తీసిన 'పాపాత్మురాలు'. దాని మీద చర్చి విరుచుకుపడింది ఆ కొన్ని సెకన్ల కోసమేనా? అందులో వేశ్యగా బతికిన మరీనా, మెదడులో కణితితో నరకం చూస్తున్న చిత్రకారుణ్ణి ప్రేమిస్తుంది. చివరికి చావడానికి అతనికి తనే తోడ్పడి, తనూ ప్రాణం తీసుకుంటుంది. మతపెద్దలకు మింగుడుపడనిది ఈ కథ. సినిమా కూడా కళేనని, దానికీ రాజ్యాంగ రక్షణ ఉందని 1954లో పశ్చిమ జర్మనీ అత్యున్నత పాలనా న్యాయస్థానం చెప్పాల్సి వచ్చింది. ఇంత గొడవలో మనవాళ్లకు గుర్తున్నది ఒంటి మీద బట్ట లేకపోవడమే. మన సినిమా పత్రికలు కూడా ఎందరో నటీమణుల జీవితమంతటినీ ఒక్క ఫొటో కింద వ్యాఖ్యలో తేల్చేశాయి. ఆ జబ్బు ఇంకా వదల్లేదు.

క్నెఫ్‌ని నిలదీయాలంటే నిలదీయడానికి ప్రశ్న లేకపోలేదు. 1945లో పందొమ్మిదేళ్ల ఆ అమ్మాయి, నాజీ ప్రచార యంత్రాంగంలో పెద్ద తలకాయ అయిన ఫాన్ డెమాన్‌డోవ్‌స్కీ ప్రియురాలు. బెర్లిన్ కూలిపోతుంటే సైనికుడి దుస్తులేసుకుని అతని వెంట నడిచింది. ఆ రోజుల గురించి 1970 నాటి ఆత్మకథలో తనే రాసుకుంది. బెర్లిన్ కూలిన మరుసటి ఏడాదే, 1946లో, వోల్ఫ్‌గాంగ్ ష్టౌటె తీసిన 'హంతకులు మన మధ్యనే ఉన్నారు'లో శిబిరం నుంచి వచ్చిన సుజాన్నె! ఆ ముఖంలో నలుగుడు లేదు, ఆకలి లేదు. శిథిలమైన ఇల్లు ఊడ్చి, యుద్ధంలో మనసు విరిగిన డాక్టరును ఓదార్చడమే ఆమె పని. ఆమె శిబిరంలో ఏం అనుభవించిందో సినిమా అడగదు. ఓడిపోయిన దేశానికి అలాంటి ముఖమే కావలసి వచ్చిందా? ఇదీ అడగాల్సిన ప్రశ్న. బట్టల గోలలో ఇది కొట్టుకుపోయింది, అదే నా కోపం.

తర్వాత పాటలు, టీవీ పట్టుకుని ఆమె కనుమరుగైందని కొందరి మాట! 1955లో బ్రాడ్‌వే మీద కోల్ పోర్టర్ సంగీత నాటకంలో నాయికగా నిలబడింది. తన పాటలెన్నో తనే రాసుకుంది. కనుమరుగు కావడమంటే ఇదేనా?

1976లో, క్యాన్సర్‌తో పోరాడుతున్న ఏళ్లలో, హాన్స్ ఫాలడా నవల మీద తీసిన 'ఎవరి చావు వారిదే'లో అన్నా క్వాంగెల్ అయింది. కొడుకు యుద్ధంలో పోయాక, హిట్లర్‌కి వ్యతిరేకంగా రాసిన పోస్టుకార్డుల్ని భర్తతో కలిసి బెర్లిన్ మెట్ల మీద వదిలే కార్మికుడి భార్య. కార్లోవీ వారీ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటి బహుమతి వచ్చింది. ముప్పై ఏళ్ల కింద సుజాన్నె దాచిన అలసట అంతా ఈ ముఖంలో ఉంది.

ఆ సాయంత్రం ఆ పెద్దమనిషిని ఆపి, ఎందుకలా పరిచయం చేశారని అడిగాను. "జనానికి ఆసక్తి పుట్టాలి కదండీ" అన్నాడు. 'హంతకులు మన మధ్యనే ఉన్నారు', 'ఎవరి చావు వారిదే' రెండూ ఒకే రోజు వెయ్యండి, మొదట్లో ఎవరూ మాట్లాడకండి అన్నాను. తలూపి వెళ్లిపోయాడు.