కత్తి పక్కన పెట్టి మాట్లాడదాం

హైదరాబాద్ రాంనగర్‌లో చాయ్ తాగుతూ పాత సినిమాల ముచ్చట మొదలైతే కాంతారావు పేరు రెండు నిమిషాల్లో తేలిపోతుంది. "కత్తి కాంతారావు కదా" అంటారొకరు. "పాపం, చివరికి ఏమీ మిగల్లేదు" అంటారు ఇంకొకరు. అంతే, మాట ఎన్టీఆర్ మీదికి మళ్లుతుంది. నాకు ఆ రెండు మాటల మీదా పేచీ ఉంది. మొదటిది నటుణ్ని కత్తికి కట్టేస్తుంది. రెండోది ఆయనకు ముష్టి వేస్తుంది.

1963 ఒక్క ఏడాది తీసుకోండి. 'లవకుశ'లో లక్ష్మణుడు. అన్న ఆజ్ఞ తలదాల్చి, నమ్మి వెంటవచ్చిన వదినను అడవిలో వదిలి రావాలి. అక్కడ కత్తి ఎందుకు పనికొస్తుంది? అదే ఏడు 'నర్తనశాల'లో కృష్ణుడు. ఎదుట అర్జునుడిగా ఉన్నదెవరు? ఆరేళ్ల కిందటే 'మాయాబజార్'లో కృష్ణుడంటే ఇతనే అనిపించుకున్న ఎన్టీఆర్! ఆయన ముందు ఆ కిరీటం పెట్టుకుని నిలబడటం కత్తిసాము వచ్చినంత మాత్రాన అయ్యే పనేనా? మళ్లీ ఆ ఏడే విఠలాచార్య కత్తియుద్ధాల జానపదం 'గురువును మించిన శిష్యుడు'. ముగ్గురు మనుషులు, మూడు నడకలు. మనకు గుర్తున్నది ఆ చివరివాడే.

పోనీ, జానపదమే అంత తేలికా? కోట అట్టది, మాయలన్నీ కెమెరా కనికట్టు. వాటిని నిజమని ముందు హీరో నమ్మాలి. ఆయన ముఖంలో వెటకారం ఒక్క క్షణం మెదిలినా నేలటికెట్టు జనం ఈలలేసి లేచిపోతారు.

కోదాడ దగ్గర గుడిబండలో పుట్టి, నాటకాల మోజుతో పెరిగి, మద్రాసు వెళ్లి, 1953లో హెచ్.ఎం. రెడ్డి 'ప్రతిజ్ఞ'తో హీరో అయినవాడు కాంతారావు. తెలంగాణవాళ్లకు అప్పట్లో సినిమా ఎక్కడిదనే పెద్దమనుషులకు ఈ మాట విడిగా చెప్పాలి.

ఇక ఆ జాలి. 'సప్తస్వరాలు', 'గండర గండడు', 'ప్రేమజీవులు' సొంతంగా తీశాడు, డబ్బు పోయింది. సినిమా మీద సంపాదించింది సినిమాకే పెట్టాడు. అందులో తలదించుకోవాల్సిందేముంది? ఆ తర్వాత కూడా 1975లో 'ముత్యాల ముగ్గు'లో హీరో తండ్రిగా బాపు ముందు నిలబడ్డాడు, కిరీటం లేకుండా, కత్తి లేకుండా.

చివరి రోజుల్లో ఆయన ఉన్నది మన పక్కనే, నల్లకుంటలో. 2009 మార్చి 22న పోయాడు. ఈసారి ఆయన పేరొస్తే 'పాపం' అనకముందు 'నర్తనశాల' పెట్టుకుని చూడండి. కత్తి సంగతి ఆ తర్వాత మాట్లాడుకుందాం.