నాయకురాలి పాత్ర

గురజాల, మాచర్ల రాజ్యముల దాయాదిపోరు నెఱుగని విద్యార్థి పల్నాటిసీమలో అరుదు. కార్యమపూడిలో ఏటేట వీరారాధన జరుగుచున్నది. కథ వినువారి కన్నులు సహజముగా బాలచంద్రునిమీద నిలుచును. కాని కోడిపందెము మొదలు కార్యమపూడి రణమువఱకు ఆ కథను కదలించినది నలగామరాజు మంత్రిణి నాయకురాలు నాగమ్మ. ఆమెను తొలగించినచో బాలచంద్రునకు యుద్ధమే లేదు.

1947లో వెలువడిన 'పల్నాటి యుద్ధం' చిత్రమున ఈ పాత్రను పసుపులేటి కన్నాంబ ధరించినది. గూడవల్లి రామబ్రహ్మము ఆరంభించి నడుమ మరణింపగా, ఎల్.వి. ప్రసాదు పూర్తిచేసిన చిత్రమది. అక్కినేని నాగేశ్వరరావు బాలచంద్రుడు, గోవిందరాజుల సుబ్బారావు బ్రహ్మనాయుడు. కన్నాంబ అప్పటికే పేరుమోసిన నాయిక. 1935లో 'హరిశ్చంద్ర' చిత్రమున చంద్రమతి, మఱుసటి యేట ద్రౌపది, 1942లో తమిళ 'కణ్ణగి'కి కథానాయిక. అట్టి నటి, లోకము నిందించు పాత్రను వెనుదీయక స్వీకరించినది.

తరువాతి కాలమున ఆమెకు మిగిలినవి ఎక్కువగా తల్లి వేషములు, పెద్దఱికపు వేషములు. 1954లో తమిళ 'మనోహర'లో రాజమాతగా ఆమె పలికిన సంభాషణలు ఆ చిత్రమునకే ప్రాణములైనవి. 1957 నాటి 'తోడికోడళ్ళు' చిత్రము చూడుడు: చిన్నకోడలు సావిత్రికి ప్రణయము దక్కినది, నడిమికోడలు సూర్యకాంతమునకు నోరు దక్కినది, పెద్దకోడలు కన్నాంబకు ఓర్పు మాత్రము మిగిలినది. కోపమును నటించుటకన్న ఓర్పును నటించుట కష్టము. చప్పట్లు మాత్రము కోపమునకే!

ఈ ఉపేక్ష ప్రేక్షకులకే పరిమితము కాదు. జాతీయ చలనచిత్ర బహుమానములు 1954లో ఆరంభమైనవి. ఉత్తమ నటునకు, ఉత్తమ నటికి వేఱుగా బహుమానమిచ్చుట 1967 చిత్రములతోగాని మొదలు కాలేదు. సహాయనటి వంతు వచ్చుటకు మఱి పదునేడేండ్లు పట్టినది. 1984 చిత్రములకుగాను ఆ బహుమానమును తొలుత అందుకొన్నది 'పార్టీ' అను హిందీ చిత్రమున నటించిన రోహిణీ హట్టంగడి. 'గాంధీ' చిత్రములో కస్తూరిబాయి ఆమెయే. కన్నాంబ 1964లోనే కన్నుమూసినది. ప్రతిభ ఉన్ననాడు పీఠము లేదు. పీఠము వేసిననాటికి మనిషి లేదు. బహుమానముతోనే నటన విలువ కట్టవలెనని కాదు. లెక్కింపదగిన పని అని ప్రభుత్వము గుర్తించుటకు ముప్పదియేండ్లు పట్టుట మాత్రము మెచ్చదగినది కాదు.

నరసరావుపేటలోగాని మాచర్లలోగాని పాఠశాల వార్షికోత్సవమునకు పల్నాటి కథను ఎన్నుకొన్నపుడు, బాలచంద్రుని కత్తికొఱకు పది చేతులు లేచుట వింత కాదు. నాగమ్మ వేషమును మిగిలిపోయిన బాలికకు అంటగట్టు ఉపాధ్యాయుడు నాటకమును సగము పోగొట్టుకొన్నట్లే. సభలో ఆలోచించి మాటాడవలసినది, ఎదుటివాని బలహీనతను కనిపెట్టవలసినది, ప్రేక్షకుల ద్వేషమును తొణకక భరింపవలసినది ఆ బాలికయే. 1966లో ఈ కథను మరల చిత్రముగా తీసినవారు బ్రహ్మనాయుడుగా రామారావును నిలిపి, ఆయన కెదురుగా నాగమ్మ పీఠముపై కూర్చుండుటకు భానుమతిని పిలిచిరి.