పద్నాలుగేళ్లు కూర్చున్న కెమెరా

మన పల్లెల్లో నెత్తురు పారితేనే కెమెరాలొస్తాయి. మైకు నోటికాడ పెట్టి ఏడవమంటాయి. పొద్దుగూకేసరికి బండెక్కి పోతాయి. వాటిని చూసి విసిగిపోయినవాళ్లం కాబట్టే ఆనంద్ పట్వర్ధన్ 'జై భీమ్ కామ్రేడ్' గురించి నాలుగు మాటలు రాస్తున్నాం.

1997 జూలై 11. బొంబాయి ఘాట్‌కోపర్‌లోని రమాబాయి నగర్. తెల్లారేసరికి అంబేద్కర్ విగ్రహానికి చెప్పుల దండ. రోడ్డెక్కిన జనాన్ని పోలీసులు కాల్చారు. పదిమంది చచ్చిపోయారు. గ్యాస్ ట్యాంకర్లు తగలబెట్టబోయారట, అందుకే కాల్చారట! కొద్దిరోజులకే కవిగాయకుడు విలాస్ ఘోగ్రే ఉరేసుకున్నాడు. ఎర్రజెండా పాటలు పాడినవాడు తలకు నీలిగుడ్డ చుట్టుకుని పోయాడు. 1985లో పట్వర్ధన్ తీసిన 'బాంబే అవర్ సిటీ'లో పాడింది ఆయనే. ఆ దుఃఖంతో మొదలెట్టిన సినిమా 2011కి గానీ పూర్తికాలేదు.

పద్నాలుగేళ్లు! కెమెరా చాలావరకు తనే పట్టాడు, ఎడిటింగ్ తనే చేసుకున్నాడు. 1970ల నుంచీ ఇదే పద్ధతి. దూరదర్శన్ వెయ్యనంటే కోర్టులకెక్కి వేయించాడు.

ఆయన ఉపన్యాసం ఇవ్వడు. చెత్తలారీ దగ్గర పనిచేసేవాళ్ల పక్కన నిలబడతాడు. డిసెంబర్ 6కి శివాజీ పార్కుకొచ్చే జనాన్ని చూసి మురికి అని ముక్కు మూసుకునే పెద్దమనుషులను చిన్న ప్రశ్న అడిగి ఊరుకుంటాడు. మిగతాది వాళ్లే కక్కుతారు. తిట్టాల్సిన పనే లేదు.

పట్వర్ధన్ మనవాడు కాదు కదా, మన కథ ఆయనెందుకు చెప్పాలి అంటారు కొందరు. న్యాయమైన ప్రశ్నే. మేమూ అడుగుతాం. కానీ ఆ ప్రశ్నను ఆయన్ని తోసెయ్యడానికి వాడుకుని, మనం చేతులు కట్టుకు కూర్చుంటే ఎట్లా? కారంచేడు (1985) మీద మనకు పాటలున్నాయి, కరపత్రాలున్నాయి. చుండూరు (1991) కేసులో 2007లో పడిన యావజ్జీవ శిక్షల్ని 2014లో హైకోర్టు కొట్టేసింది. ఆ ఇరవైమూడేళ్లూ కోర్టు మెట్లెక్కి దిగిన ఆడవాళ్ల ముఖాలను వదలకుండా చూసిన కెమెరా ఏది? ఇప్పుడు మన పిల్లల చేతుల్లో ఫోన్లున్నాయి. లేనిది కూర్చునే ఓపిక.

మా వాడలో తెల్లదుప్పటి కట్టి ఈ సినిమా వేశాం. మూడు గంటల పైచిలుకు. మరాఠీ, హిందీ ఎవరికీ రాదు. అయినా పాట వచ్చినప్పుడల్లా ముసలమ్మలు సర్దుకుని కూర్చున్నారు. అయిపోయాక ఒకామె మమ్మల్ని ఆపి అడిగింది: "మన చుండూరుది ఎప్పుడేస్తారు మాష్టారూ?"