గుడిలో నేర్చిన చేతులు



మా ఎలమంచిలి సంఘములో కీబోర్డు వాయించే తమ్ముడు పెండ్లి బ్యాండులో కూడ వాయిస్తున్నాడనీ, మాన్పించమనీ పెద్దలు మా దగ్గరకు వచ్చారు. మాకు రామ్‌సే లూయిస్ జ్ఞాపకము వచ్చాడు.

1935లో చికాగోలో పుట్టిన ఈ నల్లజాతి సహోదరుడు నాలుగవ యేట పియానో పట్టాడు. తండ్రి గుడిలో గాయక బృందమును నడిపించేవాడు. జాజ్ రికార్డులు ఇంటికి తెచ్చి వినిపించినదీ ఆ తండ్రే! (మన పెద్దలు గమనింతురు గాక.) 1956లో మొదటి రికార్డు వచ్చింది. 1965లో 'ది ఇన్ క్రౌడ్'ను వాషింగ్టన్‌లోని ఒక నైట్‌క్లబ్బులో, జనము ఎదుటనే వాయించి రికార్డు చేశారు. మనము మెచ్చే స్థలము కాదు. అయినా ఆ చప్పట్లు వింటే మన ఆరాధనలోని చప్పట్లే అనిపిస్తాయి. దానికి గ్రామీ బహుమతి వచ్చింది. మరుసటి యేడే, బానిసలు పాడుకొన్న 'వేడ్ ఇన్ ద వాటర్' అనే ఆత్మీయ గీతమును మాటలు లేకుండ పియానోపై వాయించాడు. గుడి ముఖము చూడనివారు సైతము ఆ రికార్డు కొన్నారు. 2022లో, 87వ యేట కన్నుమూశాడు.

తమ్ముణ్ణి బ్యాండు మానమనలేదు. శనివారము రాత్రి పెండ్లి ఎంత ఆలస్యమైనా, ఆదివారము ఆరాధన వేళకు కీబోర్డు దగ్గర ఉండాలన్నాము.