వాటా కొనుటకు ముందు లెక్క చదువుడు

ఎద్దును కొనబోవు రైతు పండ్లు చూచును, నడిపించి చూచును, కాడి కట్టి చూచును. ఆ పిమ్మటనే ధర మాటలాడును. విజయవాడ బాట వెంట భూములమ్మిన సొమ్మును కంపెనీ వాటాలలో పెట్టువారు మన చౌటుప్పలు ప్రాంతమునను కలరు. వారు మాత్రము ధర పెరుగుచున్నదన్న మాటనే నమ్ముచున్నారు. ఇది తగదని మా అభిప్రాయము. వాటా యనగా నొక వ్యాపారములో భాగము. ఆ వ్యాపారపు లెక్క చూడక భాగము కొనరాదు.

కంపెనీలు ఏటేట ముఖ్యముగా మూడు పట్టీలు ప్రకటించును. ఆస్తి అప్పుల పట్టీ సంవత్సరాంతమున నున్నదేమో, ఇయ్యవలసినదేమో చెప్పును. లాభనష్టముల పట్టీ ఏడాది సేద్యపు ఫలితము వంటిది. నగదు రాకపోకల పట్టీ చేతికి వచ్చిన రొక్కమును చూపును. ఈ మూడవదానినే మొదట చదువవలెను. ఆముదములు అరువిచ్చిన రైతు లాభము వ్రాసికొనవచ్చును. షావుకారు సొమ్మియ్యనిదే అది గల్లాలో పడదు. లాభము పెరుగుచు, రొక్కము రాక, రావలసిన బాకీలే పెరుగుచున్నచో సందేహింపవలెను.

హైదరాబాదు సత్యం కంప్యూటర్స్ సంగతి మరువరాదు. 2008 సెప్టెంబరు 30 నాటి పట్టీలో నగదు, బ్యాంకు నిల్వలు 5,361 కోట్ల రూపాయలని చూపిరి. అందు 5,040 కోట్లు లేనే లేవని అధ్యక్షుడు రామలింగరాజు 2009 జనవరి 7వ తేదీ లేఖలో ఒప్పుకొనెను. ఆ మూడు మాసములకు నూటికి 24 వంతున చూపిన లాభము నిజమునకు 3 మాత్రమే యనెను.

ఆడిటర్లు కనుగొననిది రైతెట్లు కనుగొనునని అడుగవచ్చును. న్యాయమైన ప్రశ్నయే. పట్టీ చదివినంతనే ప్రతి మోసమును బయటపడదు. కాని 2008 డిసెంబరు 16న అధ్యక్షుని కుటుంబమునకు సంబంధించిన రెండు మేటాస్ కంపెనీలను సత్యం సొమ్ముతో కొనుటకు డైరెక్టర్లు తీర్మానించిరి. వాటాదారులు మండిపడగా వెంటనే విరమించుకొనిరి. లెక్కతోపాటు లెక్క వ్రాయువారి నడతను గూడ చూడవలెననుటకు ఇదియే తార్కాణము.

మన అంచనాయు తప్పవచ్చును. కావున నిజవిలువకంటె చాల తక్కువ ధరకే కొనుడని అమెరికాలో బెంజమిన్ గ్రాహం బోధించెను. పిట్టలకు పోవునని గింజలు కొంత యెక్కువ చల్లుట వంటిదే యిది. విత్తనపు గింజల సొమ్మును, అప్పు తెచ్చిన సొమ్మును వాటాలలో పెట్టనే కూడదు.

ఈ చదువును మన సంఘపు పట్టీతోనే మొదలు పెట్టుడు. గడువు మీరిన బాకీలెన్ని? నిల్వ నిజముగా బ్యాంకులో నున్నదా? రాబోవు మహాజన సభలో అడుగుడు. అడుగుట అవిశ్వాసము కాదు, సభ్యుని విధి.