సంచలనం చల్లారాక

2021 జనవరి 24 రాత్రి మదనపల్లెలో ఇద్దరు ఆడపిల్లలు కన్నవాళ్ల చేతుల్లోనే ప్రాణాలు పోగొట్టుకున్నారు. ఒకరికి 27 ఏళ్లు, ఇంకొకరికి 22. తెల్లారితే కలియుగం పోయి సత్యయుగం వస్తుందని, బిడ్డలు మళ్లీ లేచి కూర్చుంటారని ఆ తల్లిదండ్రులు పోలీసులతో అన్నారు. దంపతులిద్దరూ పెద్ద చదువులు చదివి, పాఠాలు చెప్పేవాళ్లే. జిడ్డు కృష్ణమూర్తి పుట్టిన ఊరు, 1915లోనే బీసెంట్ కాలేజీ వెలసిన ఊరు ఉలిక్కిపడింది.

ఆ కొద్ది రోజులూ మదనపల్లె దగ్గరి అంగళ్లు టమోటా మార్కెట్ నుంచి కుప్పం బస్టాండు దాకా ఇదే మాట. తానే శివుణ్ణంటూ ఆ తల్లి పలికిన పలుకులను చానళ్లు తిప్పి తిప్పి చూపించాయి. ఫోన్లలో అవి నవ్వులాటలు కూడా అయ్యాయి. తర్వాత మదనపల్లె సబ్‌జైలు నుంచి ఆ దంపతులను విశాఖలోని మానసిక వైద్యశాలకు తరలించిన వార్త మాత్రం అంతగా మోగలేదు. నిజానికి జనం తెలుసుకోవాల్సిన సంగతి అక్కడే ఉంది. ఇంట్లో మనిషి ఇట్లా మాట్లాడుతుంటే చుట్టుపక్కలవాళ్లు ఎవరిని పిలవాలి? ఏ డాక్టరు దగ్గరికి తీసుకుపోవాలి?

మహారాష్ట్ర కూడా ఇట్లాగే ఒకసారి ఉలిక్కిపడింది. 2013 ఆగస్టు 20న పుణెలో పొద్దున్నే నడకకు వెళ్లిన డాక్టర్ నరేంద్ర దాభోల్కర్‌ను కాల్చి చంపారు. మూఢనమ్మకాల మీద పోరాడడానికి 1989లో సంస్థ పెట్టి, ఊరూరా శాఖలు నడిపిన మనిషి ఆయన. హత్య జరిగి వారం తిరగకముందే ఆర్డినెన్స్ వచ్చింది, డిసెంబరులో చట్టమైంది. నరబలి, క్షుద్రపూజల పేరిట హింస, పాము కరిచినవాణ్ణి ఆస్పత్రికి పోనీయకుండా మంత్రం వేయడం లాంటివన్నీ అందులో నేరాలు. ఆరు నెలల నుంచి ఏడేళ్ల దాకా జైలు.

అంత తొందరగా ఎట్లా అయింది? ముసాయిదా అప్పటికే ఉంది. ఏళ్ల తరబడి శాసనసభ చుట్టూ తిరిగి, అభ్యంతరాలు వచ్చినప్పుడల్లా దిద్దుకుని, ఆమోదం కోసం కాచుక్కూర్చుంది. జనం కోపం కట్టలు తెంచుకున్న రోజున దాన్ని మళ్లించడానికి కాలువ తవ్వి ఉంది. మనకు కోపమే వచ్చింది, కాలువ లేదు. పుంగనూరు దాటితే వచ్చే కర్ణాటకలోనూ 2020 జనవరి నుంచి ఇట్లాంటి చట్టం అమల్లో ఉంది. ఆంధ్రప్రదేశ్‌లో లేదు.

చట్టం ఉంటే ఆ ఇద్దరు పిల్లలు బతికేవాళ్లా అంటే, చెప్పలేం. హత్య ఎటూ నేరమే. మనసు అదుపు తప్పిన మనిషి సెక్షన్లు చూసుకుని ఆగడు. మహారాష్ట్ర నుంచి తెచ్చుకోవాల్సింది చట్టంతోపాటు దాని వెనకున్న అలవాటు. దాభోల్కర్ కొడుకు హమీద్ మానసిక వైద్యుడు, ఆ ఉద్యమంలోనే పనిచేస్తున్నాడు. దయ్యం పట్టిందని తెచ్చినవాళ్లను కసురుకోకుండా వైద్యం దాకా నడిపించడం కూడా ఉద్యమంలో భాగమేనన్నమాట.

మన దగ్గర పునాది బొత్తిగా లేదనలేం. జన విజ్ఞాన వేదిక 1988 నుంచి ఊళ్లలో మూఢనమ్మకాలపై ప్రదర్శనలు ఇస్తోంది. మందార రేకులు రుద్ది ఆరబెట్టిన కత్తితో నిమ్మకాయ కోస్తే ఎర్రటి రసం కారుతుంది. ‘ఎవరో చేతబడి చేసినారు, నిమ్మకాయలో నెత్తురు చూడు’ అనే మంత్రగాడి గుట్టు అంతే. ఆ కత్తిని చూసేవాళ్ల చేతికే ఇచ్చి కోయిస్తే, గంట ఉపన్యాసం చేయలేని పని అది చేస్తుంది. అంగళ్లులో ఒకపక్క ఇంజనీరింగ్ కాలేజీ, ఇంకోపక్క రైతులు, హమాలీలు, డ్రైవర్లు చేరే మార్కెట్ ఉన్నాయి. ఆ విద్యార్థులే మార్కెట్లో ఈ పని చేయొచ్చు.

ఇక చానళ్లు. మానసిక సమస్యలకు సాయం కోసం 2022 అక్టోబరులో మొదలైన ప్రభుత్వ ఫోన్ సేవ టెలీ మానస్, దాని నంబరు 14416. ఉచితం, తెలుగులోనూ మాట్లాడతారు. ఇట్లాంటి ఘోరం మళ్లీ తెరకెక్కితే, ఆ దృశ్యం ఎన్నిసార్లు తిరిగితే అన్నిసార్లు ఈ నంబరు కూడా కింద కనబడాలని మనం అడగాలి. చట్టం ముసాయిదా సిద్ధం చేయమని ఎమ్మెల్యేలనూ అడగాలి. మదనపల్లె, పుంగనూరు, కుప్పం ఎమ్మెల్యేలను ఈ మాట అడగడానికి ఇంకో చావు వార్త దాకా ఆగనక్కర్లేదు.