కప్పి ఉంచవలెను

అమెరికావారు "కన్సీల్డ్ కారీ" అని పిలిచేదానికి తెలుగులో ఒక మాట కావాలని మిత్రుడొకరు అడిగారు. "గుప్తాయుధ ధారణ" అంటే పంచనామాలోంచి ఊడిపడ్డట్టుంటుంది. "దాపుతుపాకి" పరవాలేదు. నాకైతే "మాటుతుపాకి" నచ్చింది. చొక్కా మాటున, కోటు మాటున, చేతిసంచీ మాటున ఉండే తుపాకి. మాట కుదిరింది గాని, దానిని మన చట్టానికి తగిలించబోతే అతకలేదు. ఎందుకు అతకలేదో వెదుకుతూ పోగా ఈ టపా తయారయింది.

అమెరికాలో చాలాచోట్ల పైకి కనబడేట్టు తుపాకి పెట్టుకోవడం ఒక లెక్క, దాచుకోవడం మరొక లెక్క. పందొమ్మిదో శతాబ్దంనుంచీ అక్కడి రాష్ట్రాలు దాచుకున్నవాణ్ణే ఎక్కువగా అనుమానించాయి. దాచేవాడి మనసులో ఏదో ఉందని వారి తర్కం. మనదగ్గర ఇది తలకిందులు. 2016 నాటి ఆయుధ నియమావళిలో 32వ నియమం చూడండి. లైసెన్సున్నవాడు చేతితుపాకిని నలుగురూ తిరిగే చోటికి తీసుకువెళితే అది ఒంటికి తగిలించుకున్న ఒరలో గాని, తగిన సంచీలో గాని ఉండాలి. పూర్తిగా కప్పబడి ఉండాలి. దానిమీద అదుపు అతని చేతిలోనే ఉండాలి. అంటే అక్కడ ప్రత్యేకానుమతి అడిగిన మాటు ఇక్కడ లైసెన్సుదారుకి విధి అన్నమాట.

మా దువ్వాడ స్టేషనులో బెజవాడ వైపు పోయే బండికోసం బెంచీమీద కూర్చున్నాననుకోండి. పక్కనున్న పెద్దమనిషి నడుముకి లైసెన్సు రివాల్వరు ఉండవచ్చును. అది నా కంట పడకుండా చూడడం అతని బాధ్యత. జనాన్ని బెదరగొట్టకూడదన్నది ఈ నియమం వెనుకనున్న ఉద్దేశమైతే, దానితో నాకు పేచీ లేదు. తుపాకి చూపించి వరసలో ముందుకు పోయేవాళ్ళను తయారుచేసుకోవడంకంటే ఇదే నయం. నా పేచీ ఆ తరవాతి సంగతితో.

లైసెన్సు ఇక్కడ తేలికగా దొరకదు. 1959 నాటి ఆయుధచట్టం ప్రకారం తుపాకి మన హక్కు కాదు, అడిగి తెచ్చుకోవలసిన అనుమతి. విశాఖ నగరంలో పోలీసు కమిషనరుకి దరఖాస్తు పెట్టుకోవాలి, కమిషనరేటు లేని చోట కలెక్టరుకి. ఇరవై ఒక్కేళ్ళు నిండాలి, ప్రాణభయం ఏమిటో చెప్పుకోవాలి, పోలీసు విచారణ జరగాలి. 2019 సవరణతో ఒక మనిషికి ఉండదగిన తుపాకులు మూడునుంచి రెండుకి తగ్గాయి, లైసెన్సు గడువు మూడేళ్ళనుంచి ఐదేళ్ళకి పెరిగింది. ధర సంగతి సరేసరి. ఢిల్లీలో 2012 డిసెంబరులో జరిగిన ఘోరం తరవాత, ఆడవాళ్ళ చేతిసంచీలో ఇమిడేట్టు కాన్పూరు కర్మాగారం 2014లో "నిర్భీక్" అనే అరకిలో రివాల్వరు తెచ్చింది. వెల లక్షా ఇరవైవేల పైమాటే. రాత్రి షిఫ్టు దిగి గాజువాకలో ఆటోకోసం నిలబడే అమ్మాయిలలో ఎందరు దానిని కొనగలరో ఎవరికివారు లెక్కవేసుకోవచ్చు.

గడప ఎత్తుగానే ఉన్నది, సంతోషం. మరి గడప దాటినవాడు ఎక్కడెక్కడికి తీసుకుపోవచ్చు? ఆ జాబితా ఎక్కడా లేదని చాలామంది అనుకుంటారు. ఉన్నది. లైసెన్సు పత్రానికి జతపడిన షరతులలో ఉన్నది. తిరునాళ్ళకి, మతపరమైన ఊరేగింపుకి, జనం గుమిగూడే ఇతర చోట్లకి, విద్యాసంస్థల ఆవరణలోకి, ప్రత్యేకానుమతి లేకుండా ఆ ఆయుధాన్ని తీసుకుపోరాదు. పెళ్ళిళ్ళలో, ఊరేగింపులలో, రాజకీయ సభలలో సరదాకి గాలిలో కాల్చడం 2019 తరవాత నేరుగా నేరం. రెండేళ్ళదాకా జైలు గాని, లక్షదాకా జరిమానా గాని, రెండూ గాని. లైసెన్సు ఏ ప్రాంతానికి చెల్లుతుందో కూడా పత్రంలోనే ఉంటుంది.

ఈ షరతుని మా చుట్టుపక్కలకి అన్వయించి చూస్తే ఎంత విశాలమైనదో తెలుస్తుంది. ఆషాఢపున్నమికి సింహాచలం కొండచుట్టూ సుమారు ముప్ఫైరెండు కిలోమీటర్లు సాగే గిరిప్రదక్షిణ, చందనోత్సవంనాటి వరసలు, ఉక్కునగరంలోని బడులు, దువ్వాడలోని ఇంజనీరింగు కళాశాలల ఆవరణలు, అన్నీ ఆ ఒక్క వాక్యంలోకి వస్తాయి. కాని ఆ వాక్యం ఎవరికి తెలుసు? లైసెన్సుదారుకీ, లైసెన్సు ఇచ్చిన కార్యాలయానికీ. బడి వాకిట్లోని కాపలాదారుకి తెలియదు. కల్యాణమంటపం యజమానికి తెలియదు. తుపాకిని కప్పి ఉంచమన్న చట్టం, అది ఎక్కడికి రాకూడదో చెప్పే మాటని కూడా కప్పి ఉంచింది. మొదటి కప్పు సబబే. రెండవది ఎందుకు?

పైగా శిక్ష చూడండి. లైసెన్సు షరతుని ఉల్లంఘించినవాడికి ఆయుధచట్టం 30వ సెక్షను కింద ఆరునెలలదాకా జైలు గాని, రెండువేలదాకా జరిమానా గాని, రెండూ గాని. తుపాకితో బడి ఆవరణలోకి వెళ్ళినా, ఊరేగింపులో నడిచినా, అంతకుమించి వేరే నేరం చేయనంతవరకూ ఇదే లెక్క. రెండువేలు! మోటారుసైకిలు కాగితాలు సరిగా లేకపోతే అంతకంటే ఎక్కువ వదిలించుకున్నవాళ్ళు మా వీధిలోనే ఉన్నారు.

ఇప్పుడు టెక్సాసు వెళదాం. మనవాళ్ళు అక్కడ అంతమంది ఉన్నారు గనుక ఆ ఊసు పరాయిది కాదు. అక్కడ 1871 చట్టం చేతితుపాకి మోయడాన్ని శతాబ్దం పైచిలుకు నిషేధించింది. 1995లో లైసెన్సు మీద మాటుతుపాకికి అనుమతి వచ్చింది. 2016 జనవరినుంచి లైసెన్సున్నవాళ్ళు పైకి కనబడేట్టు కూడా ఒరలో పెట్టుకోవచ్చునన్నారు. 2021 సెప్టెంబరు 1నుంచి, ఇరవై ఒక్కేళ్ళు నిండి వేరే చట్టపు అడ్డంకి లేనివాడికి లైసెన్సే అక్కరలేదు. గడపని పూర్తిగా కొట్టేశారు. అది నాకు నచ్చలేదు.

కాని గడప కొట్టేసిన ఆ రాష్ట్రమే గుమ్మాలన్నిటి లెక్కా రాసిపెట్టుకున్నది. బడి, న్యాయస్థానం, ఎన్నికల కేంద్రం ఇత్యాదులు నిషిద్ధం. రాబడిలో 51 శాతం అక్కడే తాగే మద్యంనుంచి వస్తే ఆ దుకాణం తలుపుమీద ఎర్రటి "51%" బోర్డు ఉండాలి, లోపలికి తుపాకి రాకూడదు. ఇవికాక ఏ దుకాణదారైనా, ఏ గుడి నిర్వాహకులైనా తమ గుమ్మానికి "30.06" అనే నోటీసు తగిలించవచ్చు. అది శిక్షాస్మృతిలోని సెక్షను సంఖ్య. అక్షరాలు కనీసం అంగుళం ఎత్తుండాలి, ఇంగ్లీషులోనూ స్పానిషులోనూ ఉండాలి, ఏ వాక్యం రాయాలో కూడా చట్టమే చెబుతుంది. అది లైసెన్సున్నవాడి మాటుతుపాకికి. పైకి కనబడేదానికి 30.07 అని మరొకటి. బోర్డుని ఖాతరుచేయక లోపలికి వచ్చిన లైసెన్సుదారుకి మొదట రెండువందల డాలర్లదాకా జరిమానా. యజమాని నోటితో "బయటికి దయచేయండి" అన్నాక కూడా కదలకపోతే ఏడాదిదాకా జైలు. ఇందులో నాకు నచ్చిన మెలిక ఇదే. పచారీకొట్టు నడుపుకొనే సామాన్యుడి నోటిమాటకి చట్టం అంత బరువిచ్చింది.

కూర్మన్నపాలెంలో ఇల్లు కట్టుకొని ఉంటున్న పరిచయస్థుడొకాయన, ఉక్కు కర్మాగారంలో పనిచేసి విరమించినవారు, ఒకనాడు అడిగారు: "మాస్టారూ, మావాడు డల్లాసు పక్కనే ఉంటాడు కదండీ. తుపాకి కొనుక్కుంటానంటున్నాడు. వద్దనమంటారా?" ఆయన భయానికి కారణం ఉన్నది. 2017 ఫిబ్రవరి 22న కాన్సాసులోని ఓలేతాలో కూచిభొట్ల శ్రీనివాస్ హత్య, 2023 మే 6న డల్లాసు దాపున ఆలెన్ అంగళ్ళలో ఎనిమిదిమంది ప్రాణాలు పోయిన కాల్పులు, వారిలో హైదరాబాదునుంచి వెళ్ళిన యువతీ ఒకరు. ఇవి విన్న ఏ తండ్రికి నిద్ర పడుతుంది?

"మీవాడిది ఏ వీసా అండీ?" అని అడిగాను. హెచ్ వన్ అన్నారు. ఆ వీసామీదున్నవాడు, చదువుకోసం వెళ్ళినవాడు కూడా, తుపాకి ఉంచుకోకూడదని అక్కడి కేంద్రచట్టం. రాష్ట్రం లైసెన్సు తీసేసినంతమాత్రాన ఇది పోదు. కొన్ని మినహాయింపులున్నాయి, వాటిలో ముఖ్యమైనది వేట లైసెన్సు. ఆ దారిన తుపాకి సంపాదించిన ఒక తెలంగాణ విద్యార్థి 2024 నవంబరులో అట్లాంటాలో తన పుట్టినరోజునాడు దానిని శుభ్రం చేస్తుండగా పేలి చనిపోయాడని పత్రికలు రాశాయి. ఇంతా చెప్పి, "వద్దనండి" అన్నాను. చుట్టూ అందరూ ఆయుధం ధరించగల దేశంలో మనపిల్లల్లో చాలామంది చట్టరీత్యా నిరాయుధులు. అటువంటివాళ్ళకి తలుపుమీది ఆ అంగుళం అక్షరాలే కాస్త ఆసరా.

ఇక్కడ ఒక వాదం వస్తుంది. మన ఆయుధచట్టమే తెల్లవాడు వేసిన సంకెల కదా, ఇంకా బిగించమంటావేమని. 1878లో లిట్టన్ తెచ్చిన చట్టం నిస్సందేహంగా సంకెలే. యూరోపియన్లకి మినహాయింపు, నేటివుకి నిషేధం. మా విశాఖ మన్యంలో దాని ఫలితం చూశాం. 1922 ఆగస్టు 22, 23, 24 తేదీలలో అల్లూరి సీతారామరాజు చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి ఠాణాలమీద వరుసగా పడ్డాడంటే తుపాకులకోసమే. తీసుకున్నదానికి జాబితా రాసి సంతకం పెట్టి మరీ వెళ్ళాడు. మాటు అన్నది ఎరుగని తుపాకి అది! 1931 కరాచీ కాంగ్రెసు తీర్మానంలో, నిబంధనలకి లోబడి ఆయుధం ధరించే హక్కు ఉండినది. 1948 డిసెంబరులో కామత్ గారు దానిని రాజ్యాంగంలో చేర్చమంటే సభ ఒప్పుకోలేదు. మనకి మిగిలింది 19వ అధికరణంలోని హక్కు: శాంతియుతంగా, ఆయుధాలు లేకుండా సమావేశం కావడం. ఆ హక్కుని మనస్ఫూర్తిగా నమ్మేవాడు, పక్కవాడు నిరాయుధుడో కాదో తెలుసుకొనే వీలు కూడా అడగాలి కదా.

"చంపదలచినవాడు బోర్డు చదివి ఆగుతాడా?" అని రెండో వాదం. ఆగడు. 2018 అక్టోబరు 25న మా విశాఖ విమానాశ్రయంలో, ఏది తేకూడదో గోడలనిండా రాసిపెట్టిన చోట, అప్పటి ప్రతిపక్షనాయకుడిమీదికి కోడికత్తి దూసుకువచ్చింది. అట్లాగని తుపాకి దగ్గరుంటే ఆపుతుందా? అంతకు నెలముందే, సెప్టెంబరు 23న, అరకు శాసనసభ్యుడు కిడారి సర్వేశ్వరరావునీ మాజీ సభ్యుడు సివేరి సోమనీ మావోయిస్టులు చంపినప్పుడు వెంట సాయుధ రక్షకులున్నారు. మరోవైపు 2019 డిసెంబరు 29న టెక్సాసులోని వైట్ సెటిల్మెంటు చర్చిలో, సాయుధుడైన ఒక స్వచ్ఛందరక్షకుడు దుండగుణ్ణి ఆరు సెకన్లలో పడగొట్టిన మాటా నిజమే. ఈ ఉదంతాలని తక్కెటలో వేసి తూచి లాభం లేదు. నేనడిగే బోర్డు హంతకుడికోసం కాదు. చట్టానికి లోబడి నడిచే లైసెన్సుదారు ఏమరుపాటున లోపలికి తేకుండా ఉండడానికి, తెస్తే "బయట పెట్టి రండి బాబూ" అనగల ధైర్యం కాపలాదారుకి కలగడానికి.

ఎన్నికలు వచ్చినప్పుడల్లా లైసెన్సు తుపాకులని ఠాణాలో అప్పగించమని ప్రకటన వేస్తారు. బ్యాంకు కాపలాదారులవంటివారికి మినహాయింపు ఉంటుంది. ఓటుకోసం చేయగలిగినవాళ్ళు మిగతా నాలుగున్నరేళ్ళూ బడికోసం, గుడికోసం ఒక రేకుబోర్డు కొట్టలేరా? కొత్త చట్టం కూడా అక్కరలేదు. షరతులలోని ఆ వాక్యాన్ని తెలుగుచేసి బడి గేటుకీ, కళాశాల గేటుకీ, సింహాచలం మెట్లదగ్గరా తగిలిస్తే చాలు. కల్యాణమంటపంవంటి సొంత ఆవరణల యజమానులకి టెక్సాసు తరహాలో కాదనే అధికారం ఇవ్వాలంటే నియమావళిలో ఒక సవరణ కావాలి. 30వ సెక్షనులోని రెండువేలని మార్చాలంటే పార్లమెంటు పూనుకోవాలి. అది ఎప్పటికో.

బోర్డుమీద ఏ మాట రాయాలన్నది మిగిలింది. "ఆయుధములు తేరాదు" అంటే లైసెన్సున్నవాడు తనకి కాదనుకుంటాడు. "లైసెన్సు ఉన్నను తుపాకి తేరాదు" అని నా ప్రతిపాదన. టెక్సాసులో ఉన్న మిత్రులు అక్కడి తెలుగువారి కొట్లకీ గుళ్ళకీ 30.06 నోటీసు ఎక్కడెక్కడ చూశారో, దాని పక్కన తెలుగులో కూడా ఎవరైనా రాశారో చెబితే ఆ పాఠం చూడాలని ఉన్నది.